దెబ్బ కొట్టింది ఎవరో చూడండి: జపాన్ ఆడ రౌడీల సినిమాల మీద

1970ల జపాన్‌లో ఆడవాళ్లు కత్తులు పట్టి, జైళ్లు బద్దలుకొట్టి, ముఠాలు నడిపిన సినిమాల మాట వస్తే రెండే తీర్పులు వినిపిస్తాయి. బూతు సినిమాలని ఒకరంటారు, స్త్రీశక్తికి జెండాలని ఇంకొకరంటారు. రెండు తీర్పులూ పోస్టరు చూసి ఇచ్చేయొచ్చు, సినిమా చూడక్కర్లేదు. నా వాదన వేరు. ఇవి యాక్షన్ సినిమాలు, వీటిని ఫైటుతోనే తూచాలి. దెబ్బ ఎవరు కొట్టారు, ఆ దెబ్బని ఎంత దూరం నుంచి ఎన్ని ముక్కల్లో చూపించారు, అప్పుడు ఆ నటి ఒంటి మీద ఏముంది. ఈ మూడూ గమనిస్తే ఏ సినిమా తన నటిని నమ్మిందో, ఏది ఆమెని వాడుకుని వదిలేసిందో దాగదు. ఇంకోటి కూడా అంటాను. ‘పెద్దలకు మాత్రమే’ అనే సరుకూ ఫైటు అనే సరుకూ పొత్తు కుదిరే జత కాదు, ఒకటి పెరిగితే రెండోది కుంటుతుంది. నీతుల సంగతి పక్కన పెట్టినా సరే, షూటింగు పనిలోనే ఆ పేచీ ఉంది.

ముందు డబ్బు లెక్క చూడాలి, ఎందుకంటే ఈ సినిమాల పుట్టుక అంతా అందులోనే ఉంది. 1958లో జపాన్ థియేటర్లలో తెగిన టికెట్లు 112 కోట్లకు పైనే. 1972 వచ్చేసరికి 19 కోట్లు కూడా లేవు. ఇంటింటికీ టీవీ వచ్చాక కుటుంబాలు థియేటరు మానేశాయి. మిగిలిన గిరాకీ కుర్రాళ్లు, రాత్రి ఆటకి ఒంటరిగా వచ్చే మగవాళ్లు. 1971 డిసెంబరులో దైయేయి కంపెనీ దివాలా తీసింది. దానికి నెల ముందే నిక్కత్సు తన స్టూడియో మొత్తాన్ని శృంగార చిత్రాలకి మళ్లించింది. తోయేయి కంపెనీ దగ్గర యాకూజా (జపాన్ రౌడీ ముఠాల) సినిమాల గుర్రం ఇంకా పరిగెడుతోంది కానీ అలిసిపోయింది. టీవీ చూపించలేనిది ఏదుందో అది చూపించాలి. చూపించలేనివి రెండు, నెత్తురు ఒకటి, బట్టల్లేని ఒళ్లు ఇంకొకటి. తోయేయి రెండింటినీ ఒకే రీలులో కలిపింది. ఆ కలగలుపుకే ‘పింకీ వయొలెన్స్’ అని పేరు.

ఒక టికెట్టుకి రెండు సినిమాలు వేసే పద్ధతి అప్పట్లో. అందుకే వీటి నిడివి 85, 90 నిమిషాల మధ్య ఆగిపోతుంది. ‘ఫీమేల్ ప్రిజనర్ స్కార్పియన్’ మొదటి భాగం 87 నిమిషాలు, ‘సెక్స్ అండ్ ఫ్యూరీ’ 88. ఆ గంటన్నరలో కథ, పగ, పడక, ఫైటు అన్నీ సర్దాలి. పడక సీనుకి ఒక గది, ఇద్దరు మనుషులు, నాలుగు లైట్లు చాలు. ఫైటుకి రిహార్సలు కావాలి, పదిమంది ఫైటర్లు కావాలి, చిరిగే బట్టలకి మారుజతలు కావాలి. కాల్షీట్లు తక్కువైనప్పుడు ఏది కుదించాలో నిర్మాతకి ఎవరూ చెప్పక్కర్లేదు. ఈ కోవలో ఒక మోస్తరు సినిమా ఏది తీసుకున్నా చివరి ఫైటు హడావుడిగా, చీకట్లో, చేతికెమెరాతో ముగిసిపోవడానికి కారణం ఇదే.

అసలు ఈ ఆడ రౌడీల బాట వేసింది జుంకో ఫుజి. తోయేయిలోనే 1968 నుంచి 1972 దాకా ఎనిమిది ‘రెడ్ పియోనీ గ్యాంబ్లర్’ సినిమాల్లో ఓర్యూ అనే జూదగత్తె పాత్ర వేసింది. భుజం మీద ఎర్ర పియోనీ పచ్చబొట్టు, కిమోనో, చేతిలో పొట్టి కత్తి, నోట్లో కుమమొతో అనే ఊరి యాస. పడక సీన్లు లేవు. అయినా ఎనిమిది సినిమాలు ఆడాయి. 1972లో ఆమె కబుకీ అనే సంప్రదాయ నాటకాల నటుణ్ణి పెళ్లి చేసుకుని తప్పుకున్నాకే ఆ చోటు ఖాళీ అయింది. బట్టలు విప్పకపోతే ఆడదాని యాక్షన్ సినిమా ఆడదనే మాటకి ఈ ఎనిమిదే జవాబు, తోయేయికి ఆ సంగతి తన సొంత లెక్కల పుస్తకంలోనే ఉంది.

మరి ఫుజి ఏమీ జిమ్నాస్టు కాదు కదా, ఆమె ఫైట్లు ఎలా నమ్మించాయి? ఇక్కడ కొంచెం ఆగాలి, ఎందుకంటే మిగతా వాదన అంతా దీని మీద నిలబడుతుంది.

జపాన్ కత్తి ఫైటు కూర్పుని తతె అంటారు. దాన్ని కంపోజ్ చేసే ఫైట్ మాస్టరు తతెషి, నరికించుకునే ఫైటర్లు కరామి. కత్తి ఫైటులో కష్టమంతా కరామిదే. అతను కత్తి ఎత్తి మీదికొస్తాడు. హీరోయిన్ ఒక అడుగు పక్కకి వేసి అడ్డంగా కోస్తుంది. ఆ కత్తి మొన అతని ఒంటికి జానెడు పైనే దూరంలో గాలిని కోస్తుంది. కెమెరా అతని వీపు వెనక ఉంటుంది కాబట్టి ఆ ఖాళీ కనబడదు. అదే క్షణంలో అతను పొట్ట లోపలికి లాక్కోవాలి, అర క్షణం ఆగి తల వెనక్కి వేయాలి, ఆ తర్వాతే మోకాళ్లు వదిలేయాలి. మూడూ ఒకేసారి చేస్తే జారిపడినట్టు ఉంటుంది. ముందే మొదలుపెడితే కత్తి రాకముందే చచ్చినట్టు ఉంటుంది. క్యోతో స్టూడియోలో సేయిజో ఫుకుమొతో అనే ఆయన బతుకంతా ఇలా నరికించుకుంటూనే గడిపి, యాభై వేల సార్లు చచ్చిన మనిషిగా పేరు తెచ్చుకున్నాడు. వెన్ను విల్లులా వంచి వెనక్కి పడటం ఆయన ముద్ర.

హీరోయిన్ వైపు నుంచి చూస్తే పని తక్కువ కాదు గానీ వేరే రకం. సరైన గుర్తు మీద ఆగడం, చూపు తర్వాతి మనిషి మీదికి ముందే వెళ్లడం, మణికట్టు నిలపడం. చేతిలో ఉండేది తకెమిత్సు, అంటే వెదురు మీదో కర్ర మీదో వెండి రేకు అంటించిన కత్తి. దగ్గరి షాట్లకి డ్యురాలుమిన్ అనే తేలికపాటి లోహపు కత్తి. అసలు కత్తి కిలో దాకా తూగుతుంది, ఈ వెదురుది అందులో సగం కూడా ఉండదు. అందుకే కొత్తవాళ్లు ఊపితే విసనకర్ర ఊపినట్టు ఉంటుంది. కోత చివర్లో కత్తిని ఒక్కసారి బిగించి ఆపితేనే బరువు కనిపిస్తుంది. ఇది చెయ్యలేని నటిని రెండు షాట్లలోనే పట్టేయొచ్చు, కత్తి మొన ఆగాక కూడా వణుకుతూ ఉంటుంది.

కిమోనో ఒక అడ్డంకీ, ఒక సాయమూ. అంచు బిగువుగా ఉంటుంది కాబట్టి పెద్ద అడుగు పడదు. నడుముకి ఓబి అనే వెడల్పు పట్టీ గట్టిగా చుట్టి ఉంటుంది కాబట్టి వెన్ను వంగదు. పొడుగు చేతులు కత్తి పిడికి చుట్టుకుంటాయి, అందుకే ఫైటుకి ముందు తాడుతో చేతులు వెనక్కి కట్టుకుంటారు. ఇవన్నీ కలిసి నటిని చిన్న అడుగులతో, తుంటి నుంచి తిరిగేలా చేస్తాయి. చూసేవాళ్లకి అది నిబ్బరంగా కనిపిస్తుంది. వ్యాయామం రాని నటిని కూడా కిమోనో నిలబెడుతుంది. ఈ మాట పక్కాగా గుర్తుంచుకోవాలి, బట్టలు తీసేశాక ఏం పోతుందో అప్పుడు అర్థమవుతుంది.

ఈ విద్యని అందరికంటే తెలివిగా వాడుకుంది మేయికో కాజి. నిక్కత్సులో 1970, 71ల్లో ‘స్ట్రే క్యాట్ రాక్’ ముఠా సినిమాలు అయిదు చేసింది. కంపెనీ శృంగార చిత్రాలకి మళ్లగానే బయటికొచ్చేసింది. 1972 ఆగస్టులో తోయేయి ‘ఫీమేల్ ప్రిజనర్ స్కార్పియన్’ విడుదల చేసింది. దర్శకుడు షున్యా ఇతోకి అదే మొదటి సినిమా. ఆధారం తోరు షినోహరా బొమ్మల కథ. ఆ కథలో ఖైదీ అయిన కథానాయిక నామి నోరు విప్పితే బూతులే. కాజి ఆ మాటలు పలకనంది, అసలు మాటలే వద్దంది. రెండో భాగానికి వచ్చేసరికి ఆమె డైలాగులు వేళ్ల మీద లెక్కపెట్టొచ్చు. మాట లేదు కాబట్టి కెమెరా కళ్ల దగ్గరికి రాక తప్పలేదు. జైలు వార్డెను కొడుతున్నా, తోటి ఖైదీలు తంతున్నా ఆ చూపు కదలదు. ఒక నటి పట్టుబట్టి తెచ్చిన మార్పు దర్శకుడి షాట్ల లెక్కనే మార్చేసిన సందర్భం ఇది.

ఇతో కూడా తక్కువవాడు కాదు. నామిని ప్రేమించినట్టు నటించి, ముఠాకి ఎరగా వేసిన పోలీసువాడి ద్రోహాన్ని గతంలోకి వెళ్లి చూపించేటప్పుడు సెట్టునే కబుకీ రంగస్థలంలా తిప్పేశాడు. గోడ గిర్రున తిరిగితే వేరే చోటు. అత్యాచారం సీనులో నేలకి గాజు పలక వేసి కింది నుంచి తీశాడు. ఆమె ముఖమే పెద్దదిగా, మగవాళ్లు పైన వంకర నీడల్లా కనిపిస్తారు. నాకు ఆ సీను మీద అభ్యంతరం ఉంది, అది ఆ సినిమా పెట్టుబడి సరుకులో భాగమే, దాన్ని కళ అని కప్పిపుచ్చక్కర్లేదు. కానీ ఆ షాటు ఎవరి వైపు నిలబడిందో కెమెరా స్థానం చెబుతోంది. అదే కోవలోని పక్క సినిమాల్లో ఇదే రకం సీను మగవాడి భుజం మీదుగా తీసి ఉంటుంది. రెండూ ఒకటే అంటే నేను ఒప్పుకోను.

‘తర్వాత ఆమె పగ తీర్చుకుంటుంది కదా, కాబట్టి ఇది స్త్రీవాదమే’ అనేవాళ్లతోనూ నాకు పేచీయే. పగ అనేది చాలాసార్లు రసీదు మాత్రమే. మొదటి గంట ఏం చూపించినా చివరి పది నిమిషాల్లో ఆ రసీదు చించి ఇచ్చేస్తే చెల్లయిపోయిందనుకుంటారు. గడియారం పెట్టుకుని చూడండి. హింసకి గురైన సేపు ఎంత, ఆమె చేతిలో ఆయుధం ఉన్న సేపు ఎంత. తోయేయి ముఠా సినిమాలు చాలా ఈ లెక్కలో తన్నేస్తాయి. స్కార్పియన్ రెండో భాగం మాత్రం, 1972 డిసెంబరుది, నిలబడుతుంది. జైలు నుంచి పారిపోయిన ఏడుగురు ఆడవాళ్లు కొండలూ పాడుబడ్డ ఊళ్లూ దాటుతూ పోయే ఆ సినిమాలో నడకే ఎక్కువ. మూడో భాగం తర్వాత ఇతో తప్పుకున్నాడు, 1973 చివర్లో వచ్చిన నాలుగో భాగంతో కాజి తప్పుకుంది. 1976లో కొత్త నటితో మళ్లీ మొదలుపెట్టారు. కథ అదే, నామి టోపీ అదే, చూపు లేదు. చప్పగా ఉంటుంది.

అదే 1973 డిసెంబరులో కాజి తోహో పంపిణీలో ‘లేడీ స్నోబ్లడ్’ కూడా చేసింది, దర్శకుడు తోషియా ఫుజితా. గొడుగు పిడిలో దాచిన కత్తి, తెల్ల కిమోనో, మంచు, పైకి చిమ్మే నెత్తురు. ఆ నెత్తురు సంగతి కొంచెం చెప్పాలి. చినోరి అనే సినిమా నెత్తురు చిక్కగా, జిగురుగా ఉంటుంది. గొట్టంలోంచి ఒత్తిడితో చిమ్మించాలంటే దాన్ని పల్చన చేయాలి. పల్చన చేస్తే రంగు గులాబీకి తిరుగుతుంది, అందుకే ఎరుపు మరింత వేస్తారు. ఫలితం ఫిల్ము మీద నారింజకి దగ్గర పడే ఆ మెరిసే ఎరుపు. గొట్టం కరామి బట్టల్లో దాగి ఉంటుంది, మీట నొక్కే మనిషి ఫ్రేము బయట. ఒత్తిడి ఎక్కువైతే తోట గొట్టం పగిలినట్టు ఉంటుంది, తక్కువైతే కారుతుంది. తెల్ల కిమోనో మీద ఒక్క చుక్క పడ్డా ఆ టేకు మళ్లీ తీయాలంటే కొత్త కిమోనో కట్టాలి, జుట్టు సర్దాలి, మంచు నేల మళ్లీ పరవాలి. అందుకే ఇలాంటి షాట్లకి రిహార్సలు పొడిగా చేసి, అసలుది ఒకటో రెండో టేకుల్లో ముగిస్తారు. ఆ బిగువు కాజి మెడ మీద కనిపిస్తుంది, ఇంకో అవకాశం లేదని తెలిసిన మనిషి నిలకడ అది.

ఇప్పుడు బట్టల్లేని ఫైటు. నోరిఫుమి సుజుకి తీసిన ‘సెక్స్ అండ్ ఫ్యూరీ’ (1973 ఫిబ్రవరి) ఈ కోవకి చిరునామా లాంటిది. జూదగత్తె ఓచో పాత్రలో రేయికో ఇకె స్నానాల తొట్టిలో ఉండగా శత్రువులు చుట్టుముడతారు. ఆమె అలాగే లేచి, కత్తి అందుకుని, మంచు కురుస్తున్న తోటలోకి దిగి అందర్నీ నరుకుతుంది. చాలా భాగం స్లో మోషన్. బొమ్మగా గొప్పది, కాదనను. కానీ స్లో మోషన్ ఎందుకొచ్చిందో చూడండి.

మామూలు ఫైటరు ఒంటి మీద బట్టల కింద ఏముంటాయి? మోచేతులకి, మోకాళ్లకి, తుంటికి మెత్తలు. దూకే షాటుకి నడుముకి రోపు బెల్టు. పాదాలకి జారని అడుగు. బట్టల్లేనప్పుడు ఇవన్నీ పోతాయి. పడితే ఎముక నేలకి తగులుతుంది, కాబట్టి పడే షాటు పెట్టలేరు. తడి నేల మీద ఒట్టి కాళ్లు, కాబట్టి వేగంగా తిరగలేరు. డూపు పెట్టలేరు, ఎందుకంటే ఒళ్లు మొత్తం కనబడుతోంది, తేడా తెలిసిపోతుంది. సెన్సారుకి అడ్డొచ్చే చోట్లు ప్రతి షాటులోనూ ఏదో ఒకదాని వెనక దాచాలి, అంటే నటి కదలిక ఫైటు కోసం కాకుండా దాపరికం కోసం కంపోజ్ అవుతుంది. ఇన్ని కట్టుబాట్ల మధ్య మిగిలే దారి నెమ్మదిగా కదలడం, ఆ నెమ్మదిని అందంగా మార్చడం. 24 ఫ్రేముల బదులు 96 ఫ్రేములతో తీస్తే ఒక్క సెకను పని తెర మీద నాలుగు సెకన్లు అవుతుంది, కాకపోతే వెలుగు నాలుగింతలు కావాలి. సుజుకి నేర్పరి కాబట్టి లోటుని శైలిగా మార్చుకున్నాడు. అదే సంవత్సరం, ఆ తర్వాతా ఆయన్ని చూసి తీసినవాళ్లు బట్టలు తీశారు గానీ వెలుగు పెంచలేదు.

ముఠా సినిమాల్లో ఇకె, మికి సుగిమొతో ఎదురెదురుగా నిలబడే ఫైట్లు ఈ కష్టాన్ని ఇంకో రకంగా దాటుతాయి. జుట్టు పట్టుకోవడం, బురదలో దొర్లడం, చెంపదెబ్బలు. దీనికి శిక్షణ అక్కర్లేదు, కెమెరా చేత్తో పట్టుకుని దగ్గరగా ఊపితే చాలు. ఇది బద్ధకం. యుకియో నోదా తీసిన ‘జీరో వుమన్: రెడ్ హ్యాండ్‌కఫ్స్’ (1974) కొంచెం తెలివైనది. సుగిమొతో పోలీసు పాత్రకి పొడుగు గొలుసున్న ఎర్ర బేడీలు ఇచ్చారు, అవి విసిరితే అవతలివాడి మెడకో చేతికో పడతాయి. విసిరేది ఒక షాటు, తగిలేది ఇంకో షాటు. ఇద్దరూ ఒకే ఫ్రేములో ఉండక్కర్లేదు. నటికి రాని పని ఆయుధం చేసి పెడుతుంది. సినిమా మొత్తం చీదర పుట్టించేదే, కానీ ఆ ఆయుధం ఎంపికలో పని తెలిసిన బుర్ర ఉంది.

కత్తి, గొలుసు, తుపాకీ ఉన్నంత సేపు ఇలా నెట్టుకొచ్చారు. పిడికిలి వచ్చాక ఆటలు సాగలేదు. 1973 డిసెంబరులో బ్రూస్ లీ కుంగ్‌ఫూ సినిమా ‘ఎంటర్ ది డ్రాగన్’ జపాన్‌లో విడుదలయింది. మరుసటి ఏడాదే తోయేయి కరాటే సినిమాల వెంట పడింది. కత్తి ఫైటులో దెబ్బని కరామి నమ్మిస్తాడని చెప్పాను కదా, తన్నులో అది కుదరదు. తన్నే కాలూ, ఆ కాలు మోసే నడుమూ, ముఖమూ ఒకే షాటులో కనబడితేనే ప్రేక్షకుడు ఒప్పుకుంటాడు. ముఖం ఒక షాటు, కాలు ఇంకో షాటు అయితే డూపు అని పిల్లాడు కూడా చెప్పేస్తాడు.

అప్పుడు ముందుకొచ్చింది ఎత్సుకో షిహోమి. యాక్షన్ హీరో సోనీ చిబా ఫైటర్ల శిక్షణ కోసం 1970లో పెట్టిన జపాన్ యాక్షన్ క్లబ్బులో తయారైన అమ్మాయి. 1974 ఆగస్టులో ‘సిస్టర్ స్ట్రీట్ ఫైటర్’, దర్శకుడు కజుహికో యమగుచి. హాంకాంగ్ నటి ఏంజెలా మావో కోసం అనుకున్న పాత్ర ఆమెకి దక్కింది. మత్తుమందుల ముఠాలోకి వేగుగా వెళ్లి మాయమైన అన్న కోసం చెల్లెలు యొకొహామా వస్తుంది. ముఠావాళ్లు హెరాయిన్‌ని విగ్గుల్లో నానబెట్టి రవాణా చేస్తుంటారు, ఆ సినిమా ఎంత సీరియస్సో దీన్నిబట్టి ఊహించుకోండి. విలన్ దగ్గర ప్రపంచంలోని మార్షల్ ఆర్ట్స్ అన్నీ వరసగా నిలబడి ఉంటాయి, ఒక్కొక్కరి పేరూ విద్యా తెర మీద అక్షరాల్లో పడతాయి. తోటమాలి లేని తోటలా ఉంటుంది సినిమా, అయినా ఫైట్లు నిలబడతాయి.

ఎందుకో లెక్క వేసి చూపిస్తాను. తోయేయి తెర వెడల్పు ఎత్తుకి 2.35 రెట్లు. అయిదున్నర అడుగుల లోపు నటి తల నుంచి పాదం దాకా కనబడాలంటే ఫ్రేము ఎత్తు రెండు మీటర్లు ఉండాలి, అంటే వెడల్పు 4.7 మీటర్లు. ఆమె కాలు తల మీదికి లేస్తే ఎత్తు 2.4 మీటర్లు కావాలి, వెడల్పు 5.6కి పోతుంది. అంత వెడల్పులో ఆమె ఆక్రమించేది అర మీటరు. మిగతాదంతా ఖాళీగా వదిలితే వెలవెలబోతుంది, కాబట్టి ఇద్దరు ముగ్గురు ఫైటర్లని పక్కన నిలపాలి. వాళ్లు తమ వంతు వచ్చేదాకా ఊరకే నిలబడకుండా ఏదో ఒకటి చేస్తూ ఉండాలి. కెమెరా దూరంగా ఉంది, మధ్యలో కత్తిరింపు లేదు, నలుగురి టైమింగు ఒకేసారి కుదరాలి. శిక్షణ లేని నటితో ఈ షాటు అసాధ్యం. షిహోమి సినిమాల్లో ఇవి వరసగా వస్తాయి. నున్‌చకు (గొలుసుతో కలిపిన జంట కర్రలు) తిప్పుతూ ఒకర్ని, వెనక్కి తిరుగుతూ ఇంకొకర్ని, కత్తిరింపు లేకుండా. వేసుకున్నది ప్యాంటు, పొడుగు చేతుల చొక్కా. మెత్తలు దాగుతాయి, కాలు లేస్తుంది, కెమెరాకి దాచాల్సింది ఏమీ లేదు. తొలిసారి ఈ కోవలో నటి ఒళ్లు పని చేసే ఒళ్లుగా కనిపించింది.

మోసాలు లేవని కాదు. కెమెరాని 24 బదులు 20 ఫ్రేములతో నడిపితే ఒక సెకను పని 0.83 సెకనులో అయిపోతుంది, తన్ను చురుగ్గా కనిపిస్తుంది. మగ ఫైటర్ల విషయంలో ఇది దాగుతుంది గానీ పొడుగు జుట్టున్న నటి దగ్గర దొరికిపోతుంది. జుట్టు కిందికి పడే వేగాన్ని భూమి నిర్ణయిస్తుంది, ఎవరూ రిహార్సలు చేయించలేరు. తన్ను అయ్యాక జుట్టు టప్పున పడిందంటే కెమెరా నెమ్మదిగా నడిచినట్టే. డూపుని పట్టడానికి కూడా ఇలాంటివే గుర్తులు. విగ్గు వేసిన మగ ఫైటరుని ముఖం చూసి వెతక్కండి, భుజాల వెడల్పు, మెడ వెనక కండ, మోచెయ్యి తిరిగే తీరు చూడండి. నటి తల ఎప్పుడూ కెమెరాకి అవతలి వైపే తిరుగుతోందంటే, జుట్టు ముఖం మీద కావాలని పడుతోందంటే, అక్కడ ఇంకెవరో ఉన్నారు.

ఒక చేదు మాట. షిహోమి తర్వాత ఆ బాట పెద్ద రోడ్డు కాలేదు. ‘సిస్టర్ స్ట్రీట్ ఫైటర్’ వరసలో 1976 దాకా సినిమాలు వచ్చాయి, 1987లో ఆమె పెళ్లి చేసుకుని తెర వదిలేసింది. 1989లో తోయేయి నేరుగా వీడియోకి తీసే ‘వి-సినిమా’ మొదలుపెట్టాక ఆడ హంతకుల కథలు గుట్టలుగా వచ్చాయి. జీరో వుమన్‌ని కూడా 1990ల్లో కొత్త నటులతో తవ్వి తీశారు. టీవీ తెర కొలత ఇక్కడ మేలు చేయాల్సింది. 4:3 ఫ్రేములో రెండు మీటర్ల ఎత్తుకి వెడల్పు 2.7 మీటర్లే, ఇద్దరు మనుషులు నిండుగా సరిపోతారు, పక్క ఫైటర్ల ఖర్చు తగ్గుతుంది. ఆ మిగులుతో నటికి రెండు నెలలు శిక్షణ ఇప్పించొచ్చు. ఇవ్వలేదు. తుపాకీ ఇచ్చి ఊరుకున్నారు.

తుపాకీ చవకా అంటే అదీ కాదు. జపాన్ చట్టం గట్టిది. 1971 నుంచి లోహపు బొమ్మ పిస్తోళ్లకి కూడా గొట్టం మూసి, తెలుపో పసుపో రంగు వేయాల్సిందే. సినిమావాళ్లు బొమ్మ తుపాకీలతో, కరెంటుతో మందు అంటించే పిస్తోళ్లతో నెట్టుకొస్తారు. అవి పేలినా వెనక్కి తన్నవు. నటి చెయ్యి తనంతట తాను ఎగరాలి, ఆ ఎగరడం సగం మందికి రాదు, నీళ్ల తుపాకీ పట్టుకున్నట్టు ఉంటుంది. ఇక గుండు తగిలే షాటు. బట్ట లోపల చిన్న మందు గుళిక, దాని మీద నెత్తురు సంచి, కింద చర్మానికి తగలకుండా గట్టి పలక, అక్కణ్ణించి తీగ ప్యాంటులోంచి బయటికి. దీన్నే దంచకు అంటారు. కోటు మీద బాగా పేలుతుంది. నిర్మాత కోరిన పల్చటి గౌను కింద పలక ఉబ్బెత్తుగా కనిపిస్తుంది. అందుకే ఈ వీడియోల్లో మగవాళ్లు గుండు తగిలి చస్తారు, హీరోయిన్‌కి తగిలితే ముందు ముఖం చూపించి, తర్వాత నెత్తురు పూసిన బట్ట చూపిస్తారు. మళ్లీ అదే గొడవ. ఒంటిని చూపించాలన్న కోరిక ఫైటుకి కావలసిన సామాను దాచుకునే చోటు లాగేసుకుంది.

2009లో ‘హై కిక్ గర్ల్’ వచ్చినప్పుడు రినా తకెదా నిజమైన కరాటే మనిషి అని అందరూ ఒప్పుకున్నారు. చీకటి ముఠాలో చేరాలనుకుని దెబ్బతినే అమ్మాయి కథ. దెబ్బలు నిజంగా తగిలాయని నమ్మించడానికి దర్శకుడు ప్రతి తన్నునీ రెండు మూడు కోణాల్లో, స్లో మోషన్‌లో మళ్లీ చూపించాడు. తగిలింది నిజమే. కానీ ఫైటుకి లయ పోయింది. క్రికెట్‌లో ప్రతి బంతికీ రీప్లే వేస్తే మ్యాచ్ ఏమవుతుందో ఇదీ అంతే అయింది. విద్య ఉన్న నటి దొరికితే సగమే, దాన్ని ఎక్కడ కత్తిరించకూడదో తెలిసిన మనిషి కూడా కావాలి.

ఆ రెండో మనిషి 2021లో ‘బేబీ అసాసిన్స్’కి దొరికాడు. దర్శకుడు యూగో సకమొతో, ఫైట్లు కెన్సుకె సోనోమురా. అద్దె ఇంట్లో ఉంటూ, పార్ట్‌టైం ఉద్యోగాలు ఊడగొట్టుకుంటూ, మధ్యలో మనుషుల్ని చంపే ఇద్దరు అమ్మాయిలు. అందులో మహిరో పాత్ర వేసిన సవోరి ఇజావా వృత్తిరీత్యా స్టంట్ మనిషి, వేరే నటులకి డూపుగా చేసే రకం. చివరి ఫైటులో ఎదురుగా మసనోరి మిమొతో, ఆమె కంటే పొడుగు, బరువు ఎక్కువ. ఆమె తన్నుల పోటీకి దిగదు. అతని చేతుల లోపలికి దూరి, మోచెయ్యి దూరంలోనే ఉండి, అతనికి పిడికిలి విసిరే జాగా లేకుండా చేస్తుంది. విసిరేస్తే నేల మీద గుండ్రంగా దొర్లి మళ్లీ లోపలికే వస్తుంది. ఒంటి మీద వదులు బట్టలు, వాటి కింద ఏ మెత్తలున్నా ఎవరికీ కనబడవు. బట్టలు విప్పే సీను సినిమా మొత్తంలో లేదు. కబుర్ల సీన్లు మరీ సాగుతాయి, ముఖ్యంగా మధ్యలో, కాఫీ హోటలు దగ్గర అరగంట కోసేయొచ్చనిపిస్తుంది. అయినా 2023లో, 2024లో తర్వాతి భాగాలు వచ్చాయి, టీవీ సీరీస్ కూడా.

పాతవాటిని చూడాలనుకునేవాళ్లకి ఒక్క జాగ్రత్త. వీడియో క్యాసెట్ల నాటి కాపీలు ఇంకా ఆన్‌లైన్‌లో తిరుగుతున్నాయి, 2.35 తెరని 4:3కి కోసినవి. ఆ కోతలో బొమ్మలో నూటికి 43 వంతులు పోతాయి. షిహోమి ఎవర్ని తన్నిందో ఆ మనిషే ఫ్రేములో ఉండడు. స్కార్పియన్ నాలుగు భాగాలూ, సిస్టర్ స్ట్రీట్ ఫైటర్ వరసా ఆరో వీడియో బ్లూ-రే పెట్టెల్లో, లేడీ స్నోబ్లడ్ రెండు భాగాలూ క్రైటీరియన్ డిస్కుల్లో పూర్తి వెడల్పుతో ఉన్నాయి.